సొంత దేశం బాగుచేసుకోవచ్చు కదండీ?

మేముండేది డల్లాస్‌కి కాస్త ఉత్తరాన. ఇంటికి పది నిమిషాల దూరంలో ఒక ఆంధ్రా హోటల్ ఉంది, పేరు అక్కర్లేదు, ఇక్కడ అలాంటివి వీధికొకటి. శనివారం పొద్దున వెళ్తే కౌంటర్ పక్కన అద్దంలోంచి పెనం కనిపిస్తుంది. పెనం దగ్గర నిలబడేది మాత్రం మనవాడు కాదు. పొట్టిగా, దిట్టంగా, తలకి నల్ల గుడ్డ కట్టుకుని ఉంటాడు. పెసర పిండి గరిటెడు పోసి, మధ్యలోంచి సుళ్ళు తిప్పుతూ అంచుదాకా లాగి, ఉల్లిపాయ ముక్కలూ అల్లమూ పచ్చిమిర్చీ చల్లి, నూనె చుట్టూ వదిలి, ఇక ఆగుతాడు. ఆ ఆగడం చూడాలి. అంచు దానంతటది లేచేదాకా అట్ల కాడ ముట్టుకోడు, నాకైతే ఇంట్లో అంత ఓపిక ఉండదు, సగం అట్లు పెనానికే. తర్వాత ఉప్మా పెట్టి మడిచి "ఎమ్మెల్యే!" అని కేకేస్తాడు, ఎవరి ఆర్డరో వాళ్ళు లేచి వెళ్ళాలి.

అతనిది గ్వాటెమాలా. అందులో వేవేతెనాంగో అనే కొండల ప్రాంతం, కాఫీ తోటలుండే చోటు. స్పానిష్ అతని మాతృభాష కూడా కాదు, ఇంట్లో మాట్లాడేది మామ్ అనే మాయా భాష. తెలుగులో ఓ ముప్ఫై మాటలొచ్చు. అన్నీ తిండి మాటలే, ఒక్క "అన్నా" తప్ప.

మొన్నామధ్య ఒకరింట్లో పాట్‌లక్‌కి వెళ్తే మెక్సికో సరిహద్దు గోడ గురించి మాటొచ్చింది. ఒక పెద్దాయన అన్నారు, "వీళ్ళంతా ఇలా దూకి వచ్చేయకపోతే సొంత దేశం బాగుచేసుకోవచ్చు కదండీ?" చెడ్డ మనిషేం కాదు, మా వాడికి జ్వరమొస్తే రాత్రి పదకొండింటికి మందు తెచ్చిచ్చిన మనిషి. చుట్టూ ఉన్నవాళ్ళంతా తలలూపారు. నేనూ ఊపే ఉంటాను, నోట్లో గారె ఉంది.

ఆ ప్రశ్నకి జవాబు చాలా చిన్నది. బాగుచేసుకున్నారు. 1944 నుంచి 1954 దాకా, పదేళ్ళు, ఎన్నికలు పెట్టుకుని, చట్టాలు చేసుకుని, తమ తంటాలేవో తాము పడుతూ బాగుచేసుకున్నారు. అమెరికా వచ్చి ఆపేసింది. డెబ్భై ఏళ్ళు దాటినా ఆ దెబ్బ ఇంకా మానలేదని నా వాదన, కాస్త ఓపిక పట్టి చదవండి.

అంతకుముందు ఏముండేదో చెప్పాలి. 1931 నుంచి 1944 దాకా హోర్హే ఉబికో అనే జనరల్ ఏలాడు, తనని నెపోలియన్‌తో పోల్చుకుని మురిసిపోయే రకం. అతని కాలంలో ఒక చట్టం ఉండేది. సెంటు భూమి లేనివాడో, ఉన్నా చాలనివాడో ఏడాదికి వంద నుంచి నూటయాభై రోజులు ఎవరో ఒకరి తోటలో పనిచేశానని చేతిపుస్తకంలో రాయించుకోవాలి. పుస్తకం చూపించలేకపోతే జైలు, లేదా రోడ్ల పని. తెలంగాణ వాళ్ళకి ఇది విడమరిచి చెప్పనక్కర్లేదు. దీని పేరు వెట్టి.

1944లో టీచర్లు, విద్యార్థులు వీధుల్లోకొచ్చారు, ఉబికో దిగిపోయాడు, అక్టోబర్‌లో కుర్ర సైనికాధికారులు మిగిలినవాళ్ళనీ దించేశారు. ఎన్నిక పెడితే హువాన్ హోసే అరెవాలో అనే తత్వశాస్త్రం మాస్టారు గెలిచాడు. ఆయన కాలంలో కార్మిక చట్టం వచ్చింది, సామాజిక బీమా వచ్చింది. ఆయన తర్వాత 1951లో, మళ్ళీ ఓట్లతోనే, హకోబో ఆర్బెంజ్ వచ్చాడు. 1944లో ఉబికో మనుషుల్ని దించిన కుర్ర అధికారుల్లో ఈయనొకడు. నా దేశాన్ని దొరల కాలంలోంచి ఆధునిక పెట్టుబడిదారీ దేశంగా మారుస్తాను అని ప్రమాణ స్వీకారం రోజే చెప్పాడు. పెట్టుబడిదారీ అన్న మాట గుర్తుపెట్టుకోండి, తర్వాత పనికొస్తుంది.

అప్పటికి ఆ దేశంలో సాగుకి పనికొచ్చే భూమిలో 70 శాతానికి పైగా భూస్వాముల్లో 2 శాతం మంది చేతిలో ఉంది. 1952 జూన్ 17న డిక్రీ 900 వచ్చింది. పెద్ద కమతాల్లో బీడుగా పడున్న భూమిని తీసుకుని లేనివాళ్ళకివ్వాలి, సాగు చేస్తున్న దాని జోలికి పోకూడదు, తీసుకున్న భూమికి 25 ఏళ్ళ బాండ్లు, 3 శాతం వడ్డీ. మన 1973 ల్యాండ్ సీలింగ్ చట్టం తెలిసినవాళ్ళకి ఇది పాత చుట్టంలాగే అనిపిస్తుంది. తేడా ఏంటంటే మన దగ్గర మనవళ్ళ పేరు మీద, పాలేళ్ళ పేరు మీద, కొన్నిచోట్ల పుట్టని పిల్లల పేరు మీద కూడా భూములు సర్దేశారని చెప్పుకుంటారు. అక్కడ ప్రెసిడెంటే తన సొంత భూమి 1,700 ఎకరాలు వదులుకున్నాడు. రెండేళ్ళలో దాదాపు లక్ష కుటుంబాలకి భూమి అందింది.

ఇక్కడ అరటిపండు వస్తుంది కథలోకి. మాది రావులపాలెం దగ్గర పల్లెటూరు. మా నాన్న సైకిల్ మీద గెలలు వేసుకుని యార్డుకి వెళ్ళేవాడు, చక్కెరకేళికి ఒక ధర, కర్పూరానికి ఒక ధర, అమృతపాణి అయితే అడిగిన రేటు. అందుకని అరటి కంపెనీ ఒక దేశాన్ని ఏలిందంటే మొదట నాకు నవ్వొచ్చింది. యునైటెడ్ ఫ్రూట్ కంపెనీకి గ్వాటెమాలాలో సుమారు 5,50,000 ఎకరాలుండేవి, అందులో 85 శాతం బీడు. రైల్వే వాళ్ళ చేతిలోనే, అట్లాంటిక్ వైపున్న రేవు ప్యూర్తో బారియోస్ వాళ్ళ చేతిలోనే. జనం దాన్ని ఆక్టోపస్ అని పిలిచేవాళ్ళు.

ఆ బీడులో పెద్ద ముక్క తీసుకుని ప్రభుత్వం 6,27,572 డాలర్లిస్తామంది. ఎకరాకి 3 డాలర్లు. కాదు, 1,58,54,849 ఇవ్వాల్సిందే అంది అటువైపు, ఎకరాకి 75. ఆ డిమాండ్ కాగితం పంపింది కంపెనీ కూడా కాదు, నేరుగా అమెరికా విదేశాంగ శాఖ. మరి 3 డాలర్ల లెక్క ఎక్కడిది? కంపెనీయే పన్ను ఎగ్గొట్టడానికి తన భూమికి తానే చూపించుకున్న విలువ అది. రిజిస్ట్రేషన్ ఆఫీసులో ఒక రేటు, బయట ఒక రేటు అనే విద్య మనకి కొత్తా? రోడ్డు వెడల్పుకో కాలవకో భూమి పోయినప్పుడు కాగితం మీది రేటే కట్టి ఇస్తామంటే మనవాళ్ళ మొహాలు ఎలా ఉంటాయో చూసినవాణ్ణి, ఇది చదివి పడీపడీ నవ్వాను. తేడా ఒకటే, మనవాళ్ళకి కోపమొస్తే కోర్టుకెళ్తారు, వాళ్ళు సీఐఏని పిలిచారు.

అప్పటి విదేశాంగ మంత్రి జాన్ ఫాస్టర్ డల్లెస్, సీఐఏ అధిపతి ఆయన తమ్ముడు ఆలెన్. ఇద్దరూ అంతకుముందు ఏ లాయర్ల సంస్థలో పనిచేశారో, ఆ సంస్థకి ఈ కంపెనీ క్లయింటు. అయితే అంతా అరటి కంపెనీ కోసమే జరిగిందనే కథ నాకు పూర్తిగా నచ్చదు. ఎందుకంటే ఆర్బెంజ్ దిగిపోయిన వారంలోపే అమెరికా న్యాయశాఖ అదే కంపెనీ మీద గుత్తాధిపత్యం కేసు వేసింది. కమ్యూనిజం భయం నిజంగానే ఉంది. ఆర్బెంజ్‌కి కమ్యూనిస్టు స్నేహితులున్నారు, భూచట్టం రాయడంలో వాళ్ళ చేయి ఉంది. పార్లమెంటులో వాళ్ళ సీట్లు నాలుగు. నాలుగు! ఆర్బెంజ్‌ని దించేశాక సీఐఏ మనుషులు ప్రత్యేకంగా వెళ్ళి, ప్రభుత్వ కాగితాలన్నీ జల్లెడ పట్టి, మాస్కో ఆడించిందనడానికి రుజువు కోసం వెతికారు. చెప్పుకోదగ్గదేం దొరకలేదు.

ఆ దాడి ఎలా జరిగిందో చదివితే సగం సినిమా, సగం సర్కస్. 1954 జూన్ 18న సీఐఏ అండతో కాస్తియో ఆర్మాస్ అనే మాజీ కర్నల్ సుమారు 480 మందితో హోండురాస్ వైపు నుంచి సరిహద్దు దాటాడు. గ్వాలాన్ అనే చిన్న ఊళ్ళో 30 మంది సైనికులు ఈ సైన్యంలోని 122 మందిని తరిమికొట్టారు. అదీ వాళ్ళ యుద్ధం. అసలు పని చేసింది రేడియో. గ్వాటెమాలా అడవుల్లోంచి మాట్లాడుతున్నాం అని చెప్పుకుంటూ, మయామిలో రికార్డు చేసిన మాటల్ని సరిహద్దు అవతలి నుంచి వదిలేవాళ్ళు. ఇక్కడ ఇంత సైన్యం దిగింది, అక్కడ అంత దిగింది అని. పైన అమెరికా ఇచ్చిన విమానాలు. సైన్యాధికారులు ఆర్మాస్‌కి భయపడలేదు, అతని వెనక నిజంగా అమెరికా సైన్యమే దిగితే ఏంగాను అని భయపడ్డారు. జూన్ 27న ఆర్బెంజ్ రాజీనామా చేశాడు. దేశం వదిలి వెళ్ళేటప్పుడు విమానాశ్రయంలో బట్టలు విప్పించి, లోదుస్తుల మీద నిలబెట్టి, ఫోటోలు తీశారు. 1971లో మెక్సికోలో పోయాడు. ప్రభుత్వం ఆయన కుటుంబానికి క్షమాపణ చెప్పింది 2011లో.

తర్వాత? భూములు వెనక్కి లాక్కున్నారు. చదువురాని వాళ్ళకి ఓటు తీసేశారు, అంటే సగానికి పైగా దేశానికి తీసేశారు. 1960లో అంతర్యుద్ధం మొదలై 1996 దాకా సాగింది. 36 ఏళ్ళు. ఆ సైన్యానికి శిక్షణా ఆయుధాలూ ఎక్కువ కాలం అమెరికావే. ఐక్యరాజ్య సమితి అండతో ఏర్పడ్డ కమిషన్ 1999లో తేల్చిన లెక్క: చనిపోయినవాళ్ళు, మాయమైనవాళ్ళు కలిపి 2 లక్షలకు పైమాటే, ఎవరని గుర్తించగలిగిన వాళ్ళలో 83 శాతం మాయాలు, హింసలో 93 శాతం సైన్యమూ దాని మనుషులూ చేసింది, సామూహిక హత్యలు 626. అందులో ఘోరమైన కాలం 1981-83, నాలుగు ప్రాంతాల్లో జరిగినదాన్ని కమిషన్ జాతి నిర్మూలన అనే అంది. 1982 జూలైలో వేవేతెనాంగోలోనే సాన్ ఫ్రాన్సిస్కో అనే తోటలో ఒక్క రోజులో 300 మందికి పైగా చంపారు. అదే ఏడాది డిసెంబర్‌లో అమెరికా అధ్యక్షుడు రీగన్ పక్కనున్న హోండురాస్ వచ్చి, అప్పుడు దేశాన్ని ఏలుతున్న రియోస్ మోంట్‌ని కలిసి, పాపం ఈయన మీద లేనిపోని నిందలేస్తున్నారు అన్న అర్థంలో మాట్లాడాడు. 2013లో గ్వాటెమాలా కోర్టు ఆ పెద్దమనిషికి జాతి నిర్మూలన, మానవాళిపై నేరాల కింద 80 ఏళ్ళ శిక్ష వేసింది, పదిరోజుల్లో పైకోర్టు దాన్ని కొట్టేసింది. 1999లో క్లింటన్ గ్వాటెమాలా నగరానికే వెళ్ళి, ఆ సైన్యానికి మేం అండగా నిలబడటం తప్పు అని ఒప్పుకున్నాడు, అది మాత్రం మెచ్చుకోవాలి.

హోటల్ అతన్ని ఒకసారి అడిగాను, రద్దీ తగ్గాక, వెనక పార్కింగులో. నా స్పానిష్ అంతంత మాత్రం, అతని ఇంగ్లీషు కూడా అంతే. తను పుట్టేసరికి చంపుడు తగ్గిందట. కానీ వాళ్ళ నాన్న వంతు ప్రకారం రాత్రంతా కర్ర పట్టుకుని ఊరికి కాపలా తిరగాలి, తిరగకపోతే నువ్వూ తిరుగుబాటుదారుల మనిషివే అని సైన్యం పట్టుకెళ్తుంది. "ఎవరి నుంచి కాపలా?" అన్నాను. కాసేపు ఆలోచించి భుజాలెగరేశాడు. "ఊరి నుంచే, అన్నా." అంతకంటే చెప్పలేదు. లోపల్నుంచి ఎవరో ఉల్లి దోశలు మూడు అని అరిస్తే వెళ్ళిపోయాడు.

ఈ కాపలా సంగతి నన్ను చాలా రోజులు వదల్లేదు. బయటి దేశం వేలు పెడితే పోయేది ఒక ప్రభుత్వం అనుకుంటాం, ప్రభుత్వానిదేముంది, రేపు ఇంకోటొస్తుంది. 1954లో పోయింది మధ్య దారి. ఓట్లేసి, చట్టం చేసి, నష్టపరిహారం కట్టి, కొంచెం కొంచెంగా మార్చుకుందాం అనే దారి. అది చూసి ఎవరికి తగ్గ పాఠం వాళ్ళు నేర్చుకున్నారు. సైన్యాధికారులకి, అమెరికా మెప్పు ఉంటే చాలు, జనం మెప్పు అక్కర్లేదని తెలిసింది. భూమి అడిగినవాడికి, కాగితం పట్టుకుని అడిగినా తుపాకీ పట్టుకుని అడిగినా చావు ఒక్కటేనని తెలిసింది. ఆ జూన్‌లో గ్వాటెమాలా నగరంలో ఒక అర్జెంటీనా కుర్ర డాక్టరు కూడా ఉన్నాడు, వయసు 26, పేరు ఎర్నెస్తో గెవారా. పాత సైన్యాన్ని అలాగే ఉంచడం ఆర్బెంజ్ చేసిన తప్పని లెక్కకట్టుకుని మెక్సికో పోయాడు, అక్కడ కాస్ట్రో కలిశాడు. అయిదేళ్ళకి క్యూబాలో ఆ తప్పు చేయలేదు. పెట్టుబడిదారీ దేశం కావాలన్నవాణ్ణి తరిమి, చే గెవారాని తయారుచేసుకున్నారన్నమాట. ఇంత తెలివితక్కువ బేరం మా యార్డులో తాగి బేరమాడేవాడు కూడా చేయడు.

పక్క దేశాలదీ ఇలాంటి కథే, మళ్ళీ అంతా చెప్పను. ఎల్ సాల్వడార్ ఒక్కటి చెప్తాను, ఎందుకంటే ముఠాలనగానే అందరూ దాని పేరే ఎత్తుతారు. 1980లో ఆర్చ్‌బిషప్ రొమేరో, మాకు సైనిక సాయం పంపొద్దు అని ప్రెసిడెంట్ కార్టర్‌కి ఉత్తరం రాశాడు. నెల తిరిగేసరికి ప్రార్థన చేయిస్తుండగా కాల్చేశారు. సాయం ఆగలేదు, యుద్ధం 12 ఏళ్ళు నడిచి 75,000 మంది పోయారు. పారిపోయి అమెరికా వచ్చినవాళ్ళు ఆశ్రయం అడిగితే 1980ల్లో నూటికి ముగ్గురికి కూడా ఇవ్వలేదు, ఇస్తే తాము సాయం చేస్తున్న ప్రభుత్వం మంచిది కాదని ఒప్పుకున్నట్టవుతుంది మరి. కాగితాల్లేని ఆ కుటుంబాల పిల్లలు లాస్ ఏంజిలిస్ పేటల్లో, అప్పటికే ఉన్న ముఠాల దెబ్బలు తింటూ పెరిగి, తామూ ఒక ముఠా కట్టారు. ఎమ్మెస్ 13 పుట్టింది కాలిఫోర్నియాలో. 1990ల్లో, ముఖ్యంగా 1996 చట్టం తర్వాత, వాళ్ళని విమానాల్లో ఎక్కించి యుద్ధం అప్పుడే ముగిసిన దేశంలో దింపారు. పోలీసు వ్యవస్థే సరిగ్గా నిలబడని చోట. తర్వాత ఆ ముఠాలకి భయపడి ఇంకో తరం ఉత్తరానికి నడిచింది, మనం టీవీలో చూసి "వీళ్ళు ఎప్పుడూ ఇంతే" అన్నాం.

నికరాగువా మీద కాంట్రాలనే తిరుగుబాటు దళాల్ని ఉసిగొల్పినందుకు 1986లో హేగ్‌లోని అంతర్జాతీయ న్యాయస్థానం అమెరికాదే తప్పంది. తీర్పు రోజు జూన్ 27, సరిగ్గా ఆర్బెంజ్ రాజీనామా చేసిన తేదీ. అప్పుడు ఆ కోర్టుకి అధ్యక్షుడు మన దేశస్థుడు, నాగేంద్ర సింగ్. అమెరికా ఆ తీర్పుని పట్టించుకోలేదు.

సరే, అన్నీ అమెరికా నెత్తిన రుద్దేస్తే సరిపోతుందా అంటారు. సరిపోదు. గ్వాటెమాలాలో చంపింది గ్వాటెమాలా సైనికులే, దాని వెనక మాయాలని మనుషులుగా చూడని అక్కడి దొరల కుటుంబాలున్నాయి, అవి యునైటెడ్ ఫ్రూట్ కంటే పాతవి. నికరాగువాలో ఒకప్పుడు నియంతని దించిన ఒర్తేగానే ఇప్పుడు తన పెళ్ళాన్ని పక్కన కూర్చోబెట్టుకుని నియంత అయ్యాడు, దానికి ఎవర్నీ తిట్టనక్కర్లేదు. కానీ పక్కనే కోస్టారికా ఉంది చూడండి. అక్కడా అరటి కంపెనీ ఉంది, అక్కడా కాఫీ దొరలున్నారు. 1948లో చిన్న అంతర్యుద్ధం జరిగాక సైన్యాన్నే రద్దు చేసుకున్నారు, వాళ్ళ సంస్కరణల్ని ఎవరూ బాంబులేసి ఆపలేదు. ఇవాళ అది జనం పారిపోయే దేశం కాదు, నికరాగువా నుంచి పారిపోయినవాళ్ళు వచ్చి తలదాచుకునే దేశం. ఒక్క కారణంతోనే ఇదంతా అయిందనను. కానీ గ్వాటెమాలాకి ఆ అవకాశమే ఇవ్వలేదు కదా.

మనమేం తక్కువ తినలేదు, అదీ చెప్పుకోవాలి. చుట్టుపక్కల వాళ్ళకి మనమూ పెద్దన్నే. శ్రీలంకలో మొదట తమిళ కుర్రాళ్ళకి తుపాకులిచ్చి శిక్షణిచ్చాం, 1987లో శాంతి దళం పేరుతో సైన్యాన్ని పంపి ఆ కుర్రాళ్ళతోనే యుద్ధం చేశాం, 1990లో వచ్చేశాం. మన జవాన్లు వెయ్యిమందికి పైగా పోయారు, అక్కడి మామూలు జనం ఎంతమంది పోయారో మనం మాట్లాడుకోం. 2015లో సరిహద్దులో లారీలాగిపోతే, అది భారత్ పెట్టిన దిగ్బంధం అని నేపాల్ వాళ్ళంటారు, కాదని మన ప్రభుత్వం అంది. ఆ చలికాలం గ్యాస్ బండ లేక కట్టెల పొయ్యి ఊదుకున్న నేపాలీ కొలీగ్ ఒకడున్నాడు నాకు. పదేళ్ళయినా ఆ సంగతి ఎత్తితే అతని గొంతు మారుతుంది. మనకి అసలు గుర్తే లేదు. పెద్ద దేశాల్లో పుట్టినవాళ్ళకి ఈ మతిమరుపు జన్మతః వస్తుందేమో.

గోడ దూకేవాళ్ళలో మనవాళ్ళూ ఉన్నారు, ఆ మాట కూడా పాట్‌లక్‌లో ఎవరూ ఎత్తలేదు. డాంకీ రూట్ అనే దొంగదారి వెళ్ళేది ఇదే గ్వాటెమాలా మీదుగా. 2025 ఫిబ్రవరిలో 104 మంది భారతీయుల్ని చేతులకి బేడీలేసి మిలిటరీ విమానంలో అమృత్‌సర్‌లో దింపినప్పుడు మా వాట్సాప్ గ్రూపు రెండు రోజులు మూగబోయింది.

ఆ ఏడాదే ఇంకో టెన్షన్ వచ్చింది, గుర్తుందా? ఇంటికి పంపే డబ్బు మీద పన్ను. మొదట 5 శాతం అన్నారు, తర్వాత 3.5 అన్నారు. ఊళ్ళో ఇంటి లోను కట్టేవాళ్ళు, పొలం బేరం పెట్టుకున్నవాళ్ళు, అందరూ ఎక్సెల్ షీట్లేసుకున్నారు. చివరికి 1 శాతం అయింది, అదీ నగదు, మనీ ఆర్డర్ లాంటివి ఇచ్చి పంపేవాళ్ళకే. బ్యాంకు ఖాతాలోంచి పంపితే లేదు. హమ్మయ్య అనుకుని షీట్లు మూసేశాం.

హోటల్ అతనికి బ్యాంకు ఖాతా లేదు. సోమవారం సెలవు, ఆ రోజు నోట్లు తీసుకుని పచారీ కొట్టులోని కౌంటర్‌కి వెళ్ళి పంపుతాడు. గ్వాటెమాలా ఆర్థిక వ్యవస్థలో దాదాపు అయిదో వంతు ఇలా బయట్నుంచి వచ్చే డబ్బే. 2023లో అక్కడ ప్రెసిడెంటుగా గెలిచింది ఎవరో తెలుసా? బెర్నార్దో అరెవాలో, ఆ తత్వశాస్త్రం మాస్టారి కొడుకు, 1954 తర్వాత కుటుంబం ప్రవాసంలో ఉండగా పుట్టినవాడు. గెలిచినా గద్దె ఎక్కనివ్వకుండా ప్రాసిక్యూటర్లు అడ్డుపడితే మాయా పల్లెల పెద్దలు చేతికర్రలతో వచ్చి రాజధానిలో వంద రోజులకు పైగా కూర్చున్నారు. ఈసారి అమెరికా కూడా అడ్డుపడేవాళ్ళ వీసాలు రద్దు చేసి గెలిచినవాడి పక్కనే నిలబడింది, అదీ రాయాలి కదా. అరెవాలో ఎలా ఉన్నాడని అడిగితే మనవాడు పెనం మీద నీళ్ళు చిలకరించి, చీపురుతో తుడుస్తూ, "బ్వేనో" అన్నాడు. మంచివాడు అనో, చూద్దాం అనో, నాకు అర్థం కాలేదు.

పాట్‌లక్ పెద్దాయన పోయిన శనివారం అదే హోటల్లో కనపడ్డారు. ఎదురుగా కూర్చుని, కాఫీ చల్లారేదాకా, ఇదంతా చెప్పాను. డిక్రీ 900, రిజిస్ట్రేషన్ రేటు, గ్వాలాన్‌లో 30 మంది, అన్నీ. రిజిస్ట్రేషన్ రేటు దగ్గర నవ్వారు. చివర్లో, "నిజమేనండి పాపం, అయినా చట్టం చట్టమే కదండీ" అన్నారు. ఇంతలో "ఎమ్మెల్యే!" అని కేక. ఆయనే లేచి వెళ్ళి ప్లేటు తెచ్చుకుని, అంచు తుంపి అల్లం పచ్చడిలో ముంచి నోట్లో పెట్టుకుని, కళ్ళు మూసుకున్నారు.

"అట్టు మాత్రం మా అమ్మ వేసినట్టే వేస్తాడండి."